గువ్వక్క చూస్తాంది

"ఒకసారి నీ గొంతుతోని అను. వింటా" అన్నాడు ఫోన్లో ఆ మనిషి.

నాకు అప్పుడే తెలిసింది. ఏం తెలిసిందని అడిగితే ఇప్పటికీ సరిగ్గా చెప్పలేను. రిసీవరును చెవి నుంచి కొంచెం దూరంగా జరిపాను. అంతే. అది భయమని అనుకోలేదు. అంతకుముందు మా ఆఫీసుకు ఫోన్ చేసినవాళ్లంతా తల్లులే. వాళ్లు గబగబా మాట్లాడేవారు, మధ్యలో పిల్లల్ని తిట్టేవారు, వెనక కుక్కరు కూత వినపడేది. ఈయన తండ్రినని చెప్పాడు. వెనక ఏ చప్పుడూ లేదు. టీవీలో నేను చెప్పాల్సిన వాక్యాన్ని తనే తయారు చేసి పెట్టుకున్నాడు. అది ఎలా ఉంటుందో ముందే వినాలనుకున్నాడు.

నేను వినిపించాను. గువ్వక్క గొంతుతో, నవ్వుతూ.

ఆ నవ్వును పన్నెండేళ్లకు పైగా మోస్తున్నాను. మాది కాజీపేటలో కతోలిక కుటుంబం. చేసిన పాపాలు ఫాదర్‌కు చెప్పుకోవడానికి, పాపసంకీర్తనానికి, చిన్నప్పటి నుంచి వెళ్తున్నాను. అబద్ధాలు చెప్పాను ఫాదర్, కోప్పడ్డాను ఫాదర్, అత్తమ్మను మనసులో తిట్టుకున్నాను ఫాదర్. ఇది మాత్రం చెప్పలేదు. చెక్క జాలీకి అవతల కూర్చున్న ఫాదర్ నా గొంతు గుర్తుపడతాడేమోనని ఒక సాకు ఉండేది. అది సాకేనని నాకు తెలుసు. మీకు నా పేరు తెలియదు. నా గొంతు వినపడదు. అందుకే మీకు చెప్తున్నాను.

మొదటి నుంచి చెప్పాలి, లేకపోతే మీకు అర్థం కాదు.

నేను డిగ్రీ చదివేటప్పుడు హనుమకొండలో ఒక చిన్న కేబుల్ చానెల్ ఉండేది. బట్టల షాపు పైన రెండో అంతస్తులో రెండు గదులు. ఒకటి ఆఫీసు, ఇంకోటి స్టూడియో. చానెల్ నడిపే సారు ఒక క్రిస్మస్ కార్యక్రమాన్ని షూట్ చేయించడానికి మా గుడికి వచ్చాడు. నేను ఆదివారం బడి పిల్లలతో యాక్షన్ సాంగ్ చేయిస్తున్నాను. అల్లరి చేస్తున్న నలభై మందిని ఒక్క కేకతో కూర్చోబెట్టానట. అది చూసి మా నాన్నను అడిగాడు. సాయంత్రం గంట పని, కాలేజీకి అడ్డం రాదన్నాడు. నాన్న ఒప్పుకున్నాడు. అలా నేను గువ్వక్కనయ్యాను.

తెల్ల గౌను, నెత్తిన ఈకలు కుట్టిన టోపీ, ముఖానికి తెల్లగా పూత, ముక్కు మీద పసుపు చుక్క. పెద్దవాళ్లెవరూ నన్ను బయట గుర్తుపట్టేవారు కాదు. పిల్లలు మాత్రం గొంతు విని గుర్తుపట్టేవారు. ఒకసారి కూరగాయల మార్కెట్లో చిక్కుడుకాయ ఎంతకిస్తావని అడిగాను. పక్కనున్న ఒక పిల్లవాడు ఏడుపు ఆపేసి చేతులు కట్టుకుని నిలబడ్డాడు. వాళ్లమ్మకు ఎందుకో అర్థం కాలేదు. నాకు అర్థమైంది. మా కార్యక్రమం మొదలయ్యేదే అలా: "చేతులు కట్టుకోండి, గువ్వక్క వస్తాంది!"

పాటలు, కథలు, బొమ్మలు గీయడం అన్నీ ఉండేవి. కానీ అందరూ ఎదురుచూసేది చివరి ఐదు నిమిషాల కోసం. కింద షాపులో తానులు చుట్టే అట్ట గొట్టాలు రెండు తెచ్చి, ఎర్ర కాగితం అంటించి దుర్బీను చేశాం. దాన్ని కళ్లకు పెట్టుకుని కెమెరాలోకి చూసేదాన్ని. "గువ్వక్క చూస్తాంది! ఆ, ఎవరది? మట్టెవాడల స్వీటీనా? పాలు మొక్కల కుండీల ఎందుకు పోసినవమ్మా?" మట్టెవాడలో స్వీటీ అనే పిల్ల బిత్తరపోయేది. మధ్యాహ్నమే వాళ్లమ్మ ఫోన్ చేసి పాల సంగతి నాకు చెప్పిందని ఆ పిల్లకేం తెలుసు?

ఆ ఫోన్లు ఎత్తడం కూడా నా పనే. ఊరు, పేరు, చేసిన తప్పు చెప్పేవారు. కాకరకాయ తినడు, తలకు నూనె పెట్టనీయదు, రెండో తరగతికొచ్చినా పక్క తడుపుతుంది. తొర్రూరు నుంచి ఒకావిడ, "గువ్వక్కా, నీకు పుణ్యముంటది, పిలగాని సంగతి తర్వాత, ముందుగాల మా ఆయనను సిగరెట్ మానుమని చెప్పు, గాయన గూడ ఎదురుంగనే కూసుంటడు" అంది. నేనూ, కెమెరా చూసే యాకూబ్ భాయ్ రోజంతా నవ్వుకున్నాం. ఆ సాయంత్రం నిజంగానే చెప్పాను. ఆయన మానలేదట గానీ మర్నాటి నుంచి మా కార్యక్రమం రాగానే వాకిట్లోకి వెళ్లి కాల్చుకుంటున్నాడట.

పక్క తడిపే పిల్ల పేరు కూడా చెప్పాను. ఊరంతా చూసే టీవీలో. ఆ పిల్ల మర్నాడు బడికి ఎలా వెళ్లి ఉంటుందో నేను ఆలోచించలేదు. ఎవరూ ఆలోచించలేదు. తల్లి ఫోన్ చేసి థ్యాంక్స్ చెప్పింది.

పుట్టినరోజు ఫంక్షన్లకు పిలిచేవారు. టోపీ పెట్టుకుని వెళ్తే హాలంతా నిశ్శబ్దం. పిల్లలు నన్ను ప్రేమిస్తున్నారని మా అమ్మతో చెప్పేదాన్ని. కొందరు ప్రేమించారు కూడా. కానీ ఆ నిశ్శబ్దం ప్రేమ కాదు. దాని రుచి నాకు బాగా తెలుసు, ఎందుకంటే నాకది నచ్చింది. ఇది రాయడానికి ఇప్పుడే కొంచెం సేపు ఆగాను. అవును, నచ్చింది.

ఇక ఆ ఫోన్.

ఊరు పేరు రాయను. స్టేషన్ ఘన్‌పూర్ దాటాక లోపలికి వెళ్లాలి. పాప పేరు కూడా రాయను. రెండో తరగతి. ఆయన మర్యాదగా మాట్లాడాడు. పాప ఇంట్లో సంగతులన్నీ బడిలో చెప్తోందని, పరువు పోతోందని అన్నాడు. గట్టిగా చెప్పాల్సిన అవసరం లేదు, మంచిగా చెప్తే చాలన్నాడు. వాక్యం ఇది: "మంచి పిల్లలు ఇంట్ల ముచ్చట బయట చెప్పరు. చెప్తే గువ్వక్కకు కనవడ్తది." అప్పుడే, ఒకసారి నీ గొంతుతో అనమన్నాడు. అన్నాను. తర్వాత, "ఆఁ, గట్లనే" అన్నాడు.

ఫోన్ పెట్టేశాక నేను లేచి నీళ్లు తాగాను. చెప్పకుండా ఉండొచ్చు. రోజూ వచ్చే పేర్లన్నీ చెప్పేదాన్ని కాదు, ఎక్కువైతే వదిలేసేదాన్ని. ఈ పేరునూ వదిలేయొచ్చు, ఎవరూ అడగరు. మరి ఎందుకు చెప్పాను? ఆ రోజు ఫోన్లు తక్కువ వచ్చాయి. దుర్బీను ఐదు నిమిషాలు నిండాలి. ఇంతకన్నా పెద్ద కారణం ఉంటే బాగుండునని చాలాసార్లు వెతికాను. లేదు.

సాయంత్రం చెప్పాను. పాప పేరు, ఊరి పేరు, ఆ వాక్యం. యాకూబ్ భాయ్ వేలు పైకెత్తి బాగుందన్నట్టు సైగ చేశాడు.

కొన్ని వారాలు గడిచాయి. ఈలోపు నాకు హైదరాబాద్ నుంచి పిలుపొచ్చింది. ఒక పెద్ద చానెల్ పిల్లల కార్యక్రమం మొదలుపెడుతోంది. మా సారు పంపిన సీడీ చూశారట. పాటలు మామూలే గానీ ఆ దుర్బీను ముక్క చాలా కొత్తగా ఉంది, అదే మొత్తం కార్యక్రమంగా చేద్దామన్నారు. సోమవారం వచ్చి ఆడిషన్ ఇవ్వమన్నారు. అమ్మ నాకు కొత్త చుడీదార్ కుట్టించింది. నాన్న పనిచేసే రైల్వే షెడ్డులో అందరికీ చెప్పేశాడు.

ఆ సోమవారానికి ముందు ఒక మధ్యాహ్నం. సారు లేడు. యాకూబ్ భాయ్ లోపలి గదిలో చెవులకు హెడ్‌ఫోన్లు పెట్టుకుని ఎడిటింగ్ చేస్తున్నాడు. నేను ఫోను దగ్గర కూర్చున్నాను. మామూలు బట్టల్లో, ముఖానికి ఏమీ లేకుండా. మెట్లెక్కి ఒక ముసలమ్మ వచ్చింది. ఆయాసంతో గుమ్మం పట్టుకుని నిలబడింది. పక్కన ఒక పాప.

"బిడ్డా, గువ్వక్క అంటరు గదా, ఆమె ఏడుంటది? జర పిలువు" అంది.

"ఏం పని అవ్వా?" అన్నాను.

"పనే బిడ్డా. ఇది నా మనుమరాలు. నా బిడ్డ దవాఖానల పడి ఉన్నది. తలకాయ పలిగింది, మాట లేదు. బాయికాడ జారి పడ్డదని మా అల్లుడంటాండు. నాకు నమ్మబుద్ధయితలేదు. గప్పుడు ఇంట్ల ఇగో, ఈ పోరి ఒక్కతే ఉన్నది. ఎస్సై సారు బిస్కీట్లిచ్చి అడిగిండు. ఆళ్ల టీచరమ్మ అడిగింది. నేను కాళ్లు మొక్కి అడిగిన దీన్ని. నోరిప్పదు."

ఆమే మళ్లీ అంది.

"ముందుగాల గిట్ల లేకుండె బిడ్డా. నాయిన అమ్మను కొడ్తాండని బడిల టీచరమ్మకు చెప్పేది. టీచరమ్మ ఇంటికొచ్చి ఆయనను నిలదీసింది గూడ. గటెన్క ఒకనాడు టీవీల గువ్వక్క దీని పేరు పెట్టి చెప్పిందట, ఇంట్ల ముచ్చట బయట చెప్పొద్దని. గప్పటి సంది బంద్. రాత్రి నా పక్కల పండుకొని చెవుల అన్నది, 'చెప్తే గువ్వక్కకు కనవడ్తది అవ్వా' అని. నేను ఎంత చెప్పినా ఇంటలేదు. ఆమె చెప్తెనే ఇంటది. టీవీల చెప్పుమంటలేను, ఈడనే ఒక్క మాట. చెప్పొచ్చు బిడ్డా అని. గంతే."

ఆమె అడిగింది అంతే. నేను కుర్చీలోంచి లేచి, ఆ పాప ముందు కూర్చుని, ఒక్క మాట చెప్తే సరిపోయేది.

"ఆమె ఇవాళ రాలేదవ్వా. హైదరాబాద్ పోయింది" అన్నాను.

"ఎప్పుడొస్తది?"

"ఏమో. ఇగ రాదేమో."

ముసలమ్మ తల పక్కకు వంచి నావైపు చూసింది. ఒక కన్ను తెల్లగా ఉంది. "నా కండ్లు మసకలు గని చెవులు మంచిగనే ఉన్నయి బిడ్డా. నీ గొంతు గట్లనే ఉన్నది గదా?"

"అందరూ గట్లనే అంటరవ్వా" అన్నాను. నవ్వాను కూడా.

అప్పుడు పాపను చూశాను. అప్పటిదాకా చూడలేదని కాదు, చూడకుండా ఉన్నాను. ఆ పిల్ల చేతులు కట్టుకుని ఉంది. వచ్చినప్పుడు అవ్వ కొంగు పట్టుకుని ఉన్న పిల్ల. నేను మొదటిసారి నోరు తెరిచినప్పుడే కొంగు వదిలేసి చేతులు కట్టుకుని ఉంటుంది. నేను గువ్వక్కనని ఆ పిల్లకు తెలుసు. నేను కాదని చెప్పడం కూడా విన్నది. నా నోటివైపు చూస్తోంది. ఏడవడం లేదు. నేను చెప్పింది తను సరిగ్గా పాటిస్తోందో లేదో చూసుకొమ్మన్నట్టు నిటారుగా నిలబడి ఉంది.

అవ్వ దాని చెయ్యి పట్టుకుని మెట్లు దిగింది. సగం మెట్ల మీద ఒకసారి ఆగింది. దగ్గు వినపడింది. పరుగెత్తి వెళ్లొచ్చని అప్పుడు కూడా అనుకున్నాను. అనుకోవడం గుర్తుంది. కాళ్లు కదలకపోవడం గుర్తుంది.

ఎందుకు? ఇన్నేళ్లుగా నాకు నేను చాలా చెప్పుకున్నాను. పోలీసు గొడవలో తలదూర్చొద్దని సారు అనేవాడు. కానీ ఆ రోజు సారు లేడు, నన్నెవరూ ఏమీ అనలేదు. ఇరవై ఏళ్ల పిల్లను, ఏం తెలుసని చెప్పుకున్నాను. కానీ నాకు తెలుసు. ఫోన్లో ఆ మనిషి నా గొంతు వింటానన్నప్పుడే తెలుసు. ఆ పాపకు చెప్పొచ్చని చెప్తే, ఆమె నిజం చెప్తే, ఎస్సై ఎవరు బెదిరించారని అడుగుతాడు. గువ్వక్క పేరు బయటికొస్తుంది. గువ్వక్కకు ఏమీ కనిపించదని, తల్లులు ఫోన్ చేస్తారని, తండ్రులు కూడా చేస్తారని అందరికీ తెలుస్తుంది. సోమవారం హైదరాబాద్‌లో వాళ్లు కొనబోయేది ఆ దుర్బీనునే. ఇదంతా ఆ గుమ్మం దగ్గర అంత స్పష్టంగా లెక్కలేసుకున్నానా? లేదు. ఇంత వరసగా కాదు. కానీ ఇదంతా ఒక్కసారిగా నాలో ఉంది, అందులోంచే ఆ అబద్ధం తడుముకోకుండా వచ్చింది. అంత తేలికగా అబద్ధం రావడం నాకే ఆశ్చర్యం. బహుశా రోజూ ఆరు గంటలకు చెప్పీ చెప్పీ నాలుక అలవాటు పడి ఉంటుంది.

ఆ సాయంత్రం కార్యక్రమం ఉంది. దుర్బీను ఎత్తాను. ఇప్పుడైనా చెప్పొచ్చు, ఎక్కడో ఒక టీవీ ముందు ఆ పాప ఉండొచ్చు అనుకున్నాను. లైవ్ వెళ్తోంది. ఆపేవాళ్లెవరూ లేరు. హంటర్ రోడ్డులో ఎవరో పిల్లవాణ్ని పళ్లు తోముకోమని చెప్పాను.

సోమవారం హైదరాబాద్ వెళ్లాను. ఎంపికయ్యాను.

అక్కడ రెండేళ్లకు కొంచెం తక్కువ చేశాను. అక్కడి దుర్బీను ప్లాస్టిక్‌ది, మెరిసేది. పిల్లల తప్పులు రాసుకునే పని వేరే అమ్మాయి చూసుకునేది. నేను ఫోన్లు ఎత్తాల్సిన అవసరం లేకుండా పోయింది. అది నాకు ఎంత హాయిగా ఉండేదో. తర్వాత చానెల్ వాళ్లు డబ్బింగ్ కార్టూన్లు చవకని లెక్క చూసుకుని మా కార్యక్రమం ఆపేశారు. అమ్మావాళ్లు సంబంధం చూశారు. మళ్లీ వరంగల్ వచ్చాను. నా కెరీర్ అంతే. మా ఆయన ఇప్పటికీ ఫంక్షన్లలో "మా మేడం ఎవరనుకుంటున్నరు? గువ్వక్క!" అని పరిచయం చేస్తాడు. చిన్నప్పుడు ఆ కార్యక్రమం చూసిన అమ్మాయిలు ఒకరిద్దరు ఎగిరి గంతేస్తారు. సెల్ఫీ దిగుతారు. ఒకమ్మాయి నవ్వుతూ అంది, "అక్కా, నీ భయానికి నేను బాత్రూంల లైట్ ఆర్పి స్నానం చేసేదాన్ని". అందరూ నవ్వారు. నేనూ నవ్వాను.

హైదరాబాద్‌లో ఉన్నప్పుడు యాకూబ్ భాయ్ ఒకసారి ఫోన్ చేశాడు. మాటల్లో మాటగా, ఒక ముసలమ్మ ఇంకా రెండుసార్లు నా కోసం వచ్చిందని చెప్పాడు. గువ్వక్క హైదరాబాద్ పోయిందని తనే చెప్పాడట. నా అబద్ధాన్ని ఆయన తెలియకుండానే నిజం చేశాడు. ఆ ఊరి కేబుల్ అబ్బాయి చెప్పాడట, ఆ తల్లి బతికిందని, కుడి చెయ్యి లేవడం లేదని, మాట ముద్దగా వస్తుందని. కులపెద్దలు కూర్చున్నారట. చూసినవాళ్లెవరూ లేరు గనక జారిపడిందనే రాసుకుని, తల్లినీ పాపనూ ఆ ఇంటికే పంపించారట. అయ్యో పాపం అన్నాను. ఇంకేమీ అడగలేదు. అప్పుడు అడిగితే బహుశా ఇంకా ఏదో చేయగలిగేదాన్ని.

హైదరాబాద్ రైల్లో స్టేషన్ ఘన్‌పూర్ దాటేటప్పుడు కిటికీ వైపు చూడకుండా ఫోన్ తీసి చూసుకుంటాను. పవిత్ర వారంలో గుడిలో ఒక పాఠం చదువుతారు, యేసయ్యను పట్టుకున్న రాత్రి, ఆయన ఎవరో నేనెరగనని సొంత శిష్యుడే చెప్పే పాఠం. అప్పుడు మా చిన్నోడికి నీళ్లు తాగించాలని బయటికి వెళ్తాను. ఇలాంటి చిన్న చిన్న ఏర్పాట్లతో ఇన్నేళ్లు గడిపాను. ఇలాగే గడిపేసేదాన్నేమో కూడా. నిన్న జరిగింది జరగకపోతే.

నాకు ఇద్దరు పిల్లలు. పెద్దది రెండో తరగతి, చిన్నోడు ఎల్‌కేజీ. నేను ఒక జూనియర్ కాలేజీలో పాఠాలు చెప్తాను, వచ్చేసరికి ఐదవుతుంది. పిల్లలు అంతకుముందే వస్తారు. ఇంట్లో అత్తమ్మ ఉంటుంది గానీ మధ్యాహ్నం మందులేసుకుని పడుకుంటుంది. నాకు ప్రతిదానికీ భయం. గ్యాసు, బాల్కనీ, తెలియనివాళ్లు. అందుకని హాల్లో ఒక కెమెరా పెట్టించాను. ఫోన్లో చూడొచ్చు, మాట్లాడితే అక్కడ వినపడుతుంది. "చిన్నోడా, చెప్పులు లోపల పెట్టు" అని స్టాఫ్ రూంలోంచి అంటే వాడు ఎగిరిపడి పెట్టేవాడు. వాళ్లు నాకేదైనా దాస్తే, "నాకన్నీ కనిపిస్తయి" అనేదాన్ని. మొదటిసారి ఆ మాట అన్నప్పుడు నా గొంతు ఎవరి గొంతులా ఉందో నాకు వినపడలేదు.

నిన్న సాయంత్రం పెద్దదానికి జడ విప్పుతున్నాను. కుడిచేతి వేళ్ల సందుల్లో ఎర్రగా కమిలి ఉంది. ఏమైందంటే చెప్పలేదు. గట్టిగా అడిగాను. "ట్యూషన్ టీచర్" అంది. మా అపార్ట్‌మెంట్‌లోనే ఉండే అమ్మాయి, నేను వచ్చేలోపు మా హాల్లోనే కూర్చోబెట్టి చెప్తుంది. ఎక్కాలు తప్పితే వేళ్ల మధ్య పెన్ను పెట్టి నొక్కుతుందట. ఎన్నాళ్ల నుంచి అంటే, బతుకమ్మ సెలవుల నుంచి. నాకెందుకు చెప్పలేదే అని అరిచాను.

అది నావైపు విచిత్రంగా చూసింది. "నువ్వు చూస్తనే ఉన్నవ్ గదా మమ్మీ. కెమెరా ముందటనే. నువ్వేం అంటలేవ్, మరి నువ్వే గట్ల చెయ్యుమన్నవ్ అనుకున్న."

ఆ ట్యూషన్ జరిగేటప్పుడు నేను కాలేజీలో క్లాసులో ఉంటాను. ఫోన్ బ్యాగులో ఉంటుంది. నేను ఎప్పుడో ఒకసారి చూస్తాను, ఎప్పుడూ చూస్తానని వాళ్లను నమ్మించాను.

దాని వేళ్లకు కొబ్బరినూనె రాశాను. మా ఆయన వెళ్లి ఆ అమ్మాయితో మాట్లాడి వచ్చాడు, రేపటి నుంచి ట్యూషన్ లేదు. పిల్లలు నిద్రపోయారు. నేను నిద్రపోలేదు. ఇన్నేళ్లూ నేను ఏడవాల్సిన చోట కాకుండా వేరే చోట ఏడ్చానని అప్పుడు తెలిసింది. ఆ పాపను భయపెట్టి నోరు మూయించానని అనుకుంటూ వచ్చాను. భయం ఒక్కటే కాదు. గువ్వక్కకు అన్నీ కనిపిస్తాయని నమ్మిన పిల్ల అది. అంటే వాళ్ల నాన్న వాళ్లమ్మను కొట్టడం కూడా గువ్వక్కకు కనిపించే ఉండాలి. రోజూ కనిపించి ఉండాలి. చూసి కూడా గువ్వక్క ఆయన్ను ఏమీ అనలేదు. టీవీలో ఆయన పేరు పెట్టి పిలవలేదు. పేరు పెట్టి పిలిచింది పాపనే. కాబట్టి తప్పు పాపదే. ఆ గుమ్మం దగ్గర చేతులు కట్టుకుని నావైపు చూసినప్పుడు ఆ పిల్ల అడగాలనుకున్నది ఇదేనేమో. నువ్వు చూశావు కదా? నాకు తెలియదు. ఇది నేను ఊహిస్తున్నది. కానీ మా పెద్దది చెప్పింది ఊహ కాదు.

ఆ పాపకు ఇప్పుడు ఇరవై ఏళ్లు ఉంటాయి. ఊరు నాకు తెలుసు. మా ఇంటి నుంచి బస్సుకు గంటన్నర కూడా పట్టదు. వెతికితే దొరుకుతుంది. వెళ్తానని ఇక్కడ రాస్తే మీకు నామీద కొంచెం గౌరవం కలుగుతుందని తెలుసు, అందుకే రాయడం లేదు. వెళ్లి ఏం చెప్పాలి? నాకు క్షమాపణ కావాలని అడగడానికి వెళ్తే అది కూడా ఆ పిల్ల దగ్గర ఇంకో పని చేయించుకోవడమే. వెళ్లకపోతే మళ్లీ అదే గుమ్మం, అదే అబద్ధం. ఈ రెండింటి మధ్య ఉన్నాను. మీరేమంటారో నాకు తెలియదు, మిమ్మల్ని అడగడం కూడా లేదు. ఒక మనిషికి చెప్పాను. నేను గువ్వక్కను. ఆ రోజు నేను అక్కడే ఉన్నాను. ఈ రెండు ముక్కలు ఇన్నేళ్లలో మొదటిసారి ఒక చోట పెట్టాను. ఛాతీలో బరువు తగ్గిందని చెప్పను. కానీ ఊపిరి ఇంకొంచెం లోపలి దాకా వెళ్తోంది.

ఇవాళ పొద్దున పిల్లలకు చెప్పాను. అది రాసి ఆపేస్తాను.

ఇద్దరూ ఉప్మా తింటున్నారు. ఎదురుగా కూర్చున్నాను. "మీకొక మాట చెప్పాలె. నాకన్నీ కనిపించవు" అన్నాను. పెద్దది చెంచా ఆపింది. "కెమెరా ఉన్నా సరే, నేను రోజంతా చూడను. నాకన్నీ కనిపిస్తయని చెప్పింది అబద్ధం. మీరు పుట్టకముందు టీవీల కూడా చాలామంది పిల్లలకు అదే అబద్ధం చెప్పిన. ఒక పాప నమ్మింది. ఇంట్ల ఏం జరిగినా ఎవ్వరికీ చెప్పలే. ఆమెకు చాలా కష్టమైంది. అది నా తప్పు."

పెద్దది తన వేళ్లవైపు చూసుకుంది. చిన్నోడు మాత్రం ఆలోచించి అడిగాడు, "మరి యేసయ్యకు కనిపిస్తదా?"

వాడి మూతికి అంటిన ఉప్మా తుడుస్తూ చెప్పాను.

"కనిపిస్తది నాన్నా. కానీ ఆయన వచ్చి నాకు చెప్పడు. మీరే చెప్పాలె."